రొయ్యల ల్యాబు నుంచి శోధ్‌గంగ దాకా: పరిశోధన పత్రాల కోసం పడ్డ పాట్లు (నా అనుభవం)

నెల్లూరు జిల్లా ఇందుకూరుపేట, విడవలూరు, అల్లూరు వైపు రొయ్యల గుంటలకు సీడ్ (రొయ్యపిల్లల) పరీక్షలు చేసే ప్రైవేటు పీసీఆర్ (జన్యుపదార్థం ద్వారా రోగకారకాన్ని పట్టే పరీక్ష) ల్యాబుల్లో ఉద్యోగం చేసుకుంటూ పార్ట్‌టైమ్ పీహెచ్‌డీ చేసేవాళ్లకు మొదట ఎదురయ్యే తంటా ఒకటే. పేపర్ పేరు దొరుకుతుంది, పేపర్ దొరకదు. ప్రభుత్వ సంస్థల్లోని వాళ్లు చందా పత్రికలు చదువుకునేలా కేంద్రం తెచ్చిన 'వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్' పథకంతో ఆ తంటా ఎంతవరకు తీరింది, ఎక్కడ తీరలేదు, చివరికి మన థీసిస్ శోధ్‌గంగలో (దేశంలోని పీహెచ్‌డీ థీసిస్‌లు ఉంచే ఆన్‌లైన్ భాండాగారం) అందరికీ కనిపించేదాకా ఏమేం జరుగుతుంది అన్నది జరిగిన వరసలోనే రాస్తున్నా. నా పని వెనామీ రొయ్యల్లో ఎదుగుదలను దెబ్బతీసే ఈహెచ్‌పీ అనే సూక్ష్మ పరాన్నజీవి మీద. అందుకని ఉదాహరణలన్నీ రొయ్యలవే.

2024 చివరి దాకా పరిస్థితి ఇది. పెద్ద ప్రచురణ సంస్థల పత్రికల్లో ఒక్క వ్యాసాన్ని విడిగా కొనాలంటే ముప్పై డాలర్ల నుంచి నలభై పైదాకా అడుగుతారు. మన డబ్బుల్లో రెండున్నర వేల నుంచి మూడున్నర వేలు. ఒక్క సమీక్షా అధ్యాయానికే పదుల కొద్దీ పేపర్లు తిరగేయాలి, వాటిలో సగం చదివాక పక్కన పడేసేవే. కాబట్టి కొనడం అన్న మాటే లేదు. రచయితకు మెయిల్ రాయడమే దారి. సారాంశం పేజీలో ఒక రచయిత పేరు పక్కన కవరు గుర్తు ఉంటుంది, రాయాల్సింది ఆయనకే. మెయిల్ నాలుగు లైన్లు దాటకూడదు: పేపర్ పూర్తి పేరు, సంవత్సరం, మీరు ఎక్కడ ఏం పని చేస్తున్నారు, దేనికి కావాలి. థాయ్‌లాండ్ వాళ్లు ఒకట్రెండు రోజుల్లో పంపేవారు. మన సంస్థల శాస్త్రవేత్తలకు రాసినవి చాలాసార్లు తిరిగొచ్చేవి. వాళ్లు బదిలీ అయ్యో రిటైరయ్యో పాత మెయిల్ ఆగిపోయి ఉంటుంది. అప్పుడు అదే రచయిత ఇటీవలి పేపర్ తీసి అందులో ఉన్న అడ్రసుకు రాస్తే పని అవుతుంది. జవాబు వారం దాటినా రాలేదంటే ఇక రాదనే లెక్క.

ఈ వెతుకులాటలో తేలిన సంగతి ఒకటి ముందే చెప్పాలి. ల్యాబు బల్ల మీద పనికొచ్చే పేపర్లలో చాలావరకు డబ్బు అడగనివే. ఈహెచ్‌పీని 2009లో థాయ్‌లాండ్‌లో టైగర్ రొయ్యల నుంచి వర్ణించి పేరు పెట్టిన వ్యాసం చందా పత్రికలో ఉంది. థీసిస్‌లో ఉటంకించడానికి అది తప్పదు. కానీ రోజూ మనం నడిపే పరీక్షకు ఆధారం అది కాదు. పాత పీసీఆర్ పద్ధతి రైబోజోమ్ ఆర్‌ఎన్‌ఏ జన్యువు మీద నడిచేది. గుంటల నుంచి తెచ్చిన ఇతర శాంపిళ్లలో ఉండే దగ్గరి జాతి మైక్రోస్పోరిడియాను (ఈహెచ్‌పీ చేరిన పరాన్నజీవుల తెగ) కూడా పట్టుకుని, లేని ఈహెచ్‌పీని ఉన్నట్టు చూపించే ప్రమాదం ఉండేది. బీజాణువు గోడ ప్రొటీన్ జన్యువు మీద చేసే నెస్టెడ్ (రెండు దశల) పీసీఆర్ ఆ చిక్కు తీర్చింది. మొదటి దశలో 514, రెండో దశలో 148 బేస్ పెయిర్ల బ్యాండు వస్తుంది. ఆ పద్ధతి 2016లో ప్లాస్ వన్ పత్రికలో వచ్చింది. ప్రైమర్ (పరీక్షకు వాడే చిన్న డీఎన్‌ఏ ముక్కల) వరసలతో సహా ఎవరైనా దించుకోవచ్చు. పేరు చెప్పి వాడుకోమనే లైసెన్సు కాబట్టి అందులోని బొమ్మను థీసిస్‌లో పెట్టుకోవడానికి అనుమతి కూడా అక్కర్లేదు. తెల్లమచ్చ వైరస్ పరీక్షకైతే ప్రపంచ జంతు ఆరోగ్య సంస్థ జలచరాల మాన్యువల్ మొత్తం ఉచితం. ఇండియన్ జర్నల్ ఆఫ్ ఫిషరీస్ ఐసీఏఆర్ (భారత వ్యవసాయ పరిశోధన మండలి) పోర్టల్‌లో ఉచితం. కొచ్చిలోని కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ సీఎంఎఫ్‌ఆర్‌ఐ తన ఈ-ప్రింట్స్ భాండాగారంలో దశాబ్దాల నాటి నివేదికలు కూడా స్కాన్ చేసి పెట్టింది. వ్యవసాయ, పశువైద్య, మత్స్య విద్యాలయాల థీసిస్‌లకు కృషికోశ్ అనే భాండాగారం ఉంది, కాకపోతే అందులో కొన్నిటికి లాగిన్ అడుగుతుంది.

వెతికేటప్పుడు రెండు జాగ్రత్తలు. వెనామీని కొందరు పీనియస్ అని, కొందరు లిటోపీనియస్ అని రాస్తారు. ఒక్క పేరుతోనే వెతికితే సగం పేపర్లు కనిపించకుండా పోతాయి. గూగుల్ స్కాలర్‌లో ఫలితం కింద ఉండే 'ఆల్ వెర్షన్స్' నొక్కకుండా తాళం గుర్తు (డబ్బు కట్టాలన్న సూచన) చూసి వెనక్కి రావద్దు. అదే వ్యాసం రచయిత యూనివర్సిటీ సైట్‌లోనో, పబ్‌మెడ్ సెంట్రల్‌లోనో ఉచితంగా ఉండొచ్చు. కంప్యూటర్లో బ్రౌజర్‌కు అన్‌పేవాల్ అనే చిన్న పొడిగింపు తగిలిస్తే ఆ పని అదే చేసిపెడుతుంది. ఎక్కడైనా చట్టబద్ధమైన ఉచిత ప్రతి ఉంటే పేజీ పక్కన పచ్చ తాళం చూపిస్తుంది.

ఇక పథకం సంగతి. 2024 నవంబర్ 25న కేంద్ర మంత్రివర్గం ఆమోదించింది. 2025, 2026, 2027 మూడేళ్లకు 6,000 కోట్ల రూపాయలు, 30 ప్రచురణ సంస్థలు, దాదాపు 13,000 ఈ-పత్రికలు, 6,300కు పైగా సంస్థలు. అమలు 2025 జనవరి 1 నుంచి. నడిపేది గాంధీనగర్‌లోని ఇన్‌ఫ్లిబ్‌నెట్ అనే యూజీసీ కేంద్రం. పేరు చూసి ఆధార్ నంబర్ కొడితే చాలనుకున్నవాళ్లు మా ల్యాబులోనే ఉన్నారు. అలా కాదు. మొదటి దశలో కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల ఉన్నత విద్యాసంస్థలు, కేంద్ర పరిశోధన సంస్థలు మాత్రమే ఉన్నాయి. ప్రైవేటు ఇంజినీరింగ్ కాలేజీలు లేవు, హేచరీలు లేవు, మాలాంటి ల్యాబులు లేవు, రైతులు అసలే లేరు. ల్యాబు గుర్తింపు కార్డుతో అయ్యే పని కాదిది. నేను ప్రభుత్వ యూనివర్సిటీలో రిజిస్టరైన స్కాలర్‌ని కాబట్టి ఆ దారిలో దూరగలిగా.

జనవరిలోనే అర్జీ పెట్టా. క్యాంపస్‌లో కూర్చుంటే లాగిన్ అక్కర్లేదు. యూనివర్సిటీ ఐపీ చిరునామాలు ముందే నమోదై ఉంటాయి కాబట్టి అక్కడి నెట్‌లో పత్రిక తెరిస్తే తెరుచుకుంటుంది. బయటి నుంచి చదవాలంటే ఇన్‌ఫెడ్ అనే వ్యవస్థలో మన పేరున ఖాతా ఉండాలి, దాన్ని సంస్థ నోడల్ అధికారి ఆమోదించాలి. సాధారణంగా ఆయన లైబ్రేరియనే. ఫారం నింపడం పది నిమిషాల పని. అసలు ఆలస్యమంతా ఆ ఆమోదం దగ్గరే.

ఎందుకంటే పార్ట్‌టైమ్ స్కాలర్లకు యూనివర్సిటీ మెయిల్ ఇవ్వలేదు. జీమెయిల్‌తో వచ్చిన అర్జీని లైబ్రరీ నమ్మదు, నమ్మకూడదు కూడా. డిపార్ట్‌మెంటు పంపిన జాబితాలో పేరు ఉందా అని చూస్తారు. ఆ జాబితా పాతది, దాంట్లో పార్ట్‌టైమ్ వాళ్లు లేరు. పరిశోధన విభాగం నుంచి రిజిస్ట్రేషన్ ఉత్తర్వు నకలు, గైడ్ సంతకంతో ఒక లేఖ, స్కాలర్ కార్డు, ఈ మూడూ కలిపి లైబ్రరీలో చేతికిస్తేనే కదిలింది. పేరు విషయంలో ఇంకో మెలిక ఉంది. ఎస్సెస్సీ సర్టిఫికెట్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉండి, రిజిస్ట్రేషన్‌లో ఒక్క అక్షరమే ఉంటే జాబితాతో సరిపోలలేదని పక్కన పెడతారు. రిజిస్ట్రేషన్ ఉత్తర్వులో ఎలా ఉందో ఫారంలో అలాగే రాయండి. ఆమోదం వచ్చేసరికి మార్చి వచ్చేసింది. ఈలోపు రోజూ పొద్దున్నే 'పెండింగ్' అన్న మాట చూడటం, లైబ్రరీకి ఫోన్ చేయాలా వద్దా అని తటపటాయించడం. అక్కడ ఉన్నది ఒక్క ఉద్యోగి, ఆయనకు వేల ఖాతాలు. కసురుకుంటే పని జరగదు. "సార్, కాగితాలు తెచ్చి ఇవ్వమంటారా" అని అడిగితే జరిగింది.

లాగిన్ వచ్చిన మొదటి రాత్రి సంబరం ఇంతా అంతా కాదు. ఏళ్లుగా సారాంశాలు మాత్రమే చదివి వదిలేసిన పేపర్లు వరసగా తెరుచుకుంటుంటే నిద్ర పట్టలేదు. అయితే మర్నాటి నుంచే తాళాలు మళ్లీ కనిపించడం మొదలైంది. కారణాలు ఒక్కోటీ తెలిశాయి.

గూగుల్ నుంచి నేరుగా వ్యాసం పేజీలోకి వెళితే ఆ సైట్‌కు మనమెవరో తెలియదు. అక్కడ 'యాక్సెస్ త్రూ యువర్ ఇన్‌స్టిట్యూషన్' లాంటి మీట నొక్కి, యూనివర్సిటీ పేరు ఎంచుకుని, ఇన్‌ఫెడ్ పేజీలో లాగిన్ కావాలి. ఈ మాట ఒక్కో సంస్థ సైట్‌లో ఒక్కోలా ఉంటుంది. కొన్ని చోట్ల యూనివర్సిటీ పేరు కొంచెం తేడాతో రెండుసార్లు కనిపిస్తుంది. పాత పేరు నొక్కితే లాగిన్ అయినట్టే అయి తాళం అలాగే ఉంటుంది. దీనికి సులువు, ముందు పథకం పోర్టల్‌లో లాగిన్ అయి అక్కడి నుంచే ప్రచురణ సంస్థ లింకు మీదుగా వెళ్లడం. ఫోన్‌లో వాట్సాప్‌లో వచ్చిన లింకు నొక్కితే వేరే బ్రౌజర్‌లో తెరుచుకుని లాగిన్ పోవచ్చు. లింకు కాపీ చేసి లాగిన్ ఉన్న బ్రౌజర్‌లోనే అతికించాలి.

క్యాంపస్‌లో ఉన్నప్పుడు తాళం కనిపిస్తే ముందు ఫోన్‌లో మొబైల్ డేటా ఆపండి. వైఫై బలహీనంగా ఉంటే ఫోన్ తనంతట తను డేటాకు మారిపోతుంది, ఐపీ మారుతుంది, తాళం పడుతుంది. కరెంటు పోయి నెట్ బ్యాకప్ లైను మీదికి మారినా అంతే, ఆ రెండో లైను ఐపీ నమోదు చేసి ఉండకపోవచ్చు. లైబ్రరీ వాళ్లకు ఈ విషయం చెబితే దాన్ని కూడా జాబితాలో చేర్పించారు.

ఇంకో రెండు మాటలు. పథకంలో ఉన్నది పత్రికలు, పుస్తకాలు కాదు. పుస్తక అధ్యాయాలకు తాళం కనిపిస్తే అది పొరపాటు కాదు. ఒకే సంచిక మొత్తాన్ని వరసపెట్టి దించొద్దు. ఆటోమేటిక్‌గా దించే సాఫ్ట్‌వేర్ వాడితే ప్రచురణ సంస్థ ఆ ఐపీని ఆపేస్తుంది, అప్పుడు యూనివర్సిటీ అంతటికీ తాళం పడుతుంది. లాగిన్ పంచుకోవడం కూడా కుదరదు. ల్యాబులో తోటివాళ్లు అడిగితే కాదనడం కష్టంగానే ఉంటుంది. వాళ్లకు అన్‌పేవాల్, ప్లాస్, సీఎంఎఫ్‌ఆర్‌ఐ దారి చూపించడమే నేను చేసింది. చందా పేపర్లను అనుమతి లేకుండా ఉచితంగా ఇచ్చే సై-హబ్ సైట్ మీద ఎల్సెవియర్, వైలీ, అమెరికన్ కెమికల్ సొసైటీ ఢిల్లీ హైకోర్టులో 2020 డిసెంబర్‌లోనే కేసు వేశాయి. 2025 ఆగస్టులో దాన్ని దేశంలో బ్లాక్ చేయమని కోర్టు ఆదేశించాక ఈ ఉచిత దారుల గురించి అడిగేవాళ్లు మరీ ఎక్కువయ్యారు. మైపాడు దగ్గర ఒక రైతు మాత్రం సూటిగా అడిగాడు: "ఈ పేపర్లు చదివితే కౌంట్ దిగుద్దా సార్?" (కౌంట్ అంటే కిలోకు తూగే రొయ్యల సంఖ్య, అది దిగితే రొయ్య పెద్దదైనట్టు.) దిగదు. అయితే లేని ఈహెచ్‌పీ ఉందని చెప్పి సీడ్ తిప్పి పంపించే పని తప్పుతుంది.

తర్వాతి ఘట్టం, మన పేపర్ బయటివాళ్లకు అందేలా చేయడం. నా వ్యాసం 2024 డిసెంబర్‌లో స్ప్రింగర్ పత్రిక ఒకదానిలో ఆన్‌లైన్‌కెక్కింది. ఒప్పుకున్న రోజే మెయిల్‌లో రెండు దారులు చూపించారు: ఉచితంగా అందరికీ తెరవాలంటే రెండు వేల డాలర్ల పైచిలుకు ఫీజు, లేదా పైసా లేకుండా చందాదారులకు మాత్రమే. ఆ ఫీజు లక్షన్నర దాటుతుంది. ల్యాబు జీతంతో తూగేది కాదు. చాలామంది ఇక్కడే దిగులుపడి వదిలేస్తారు. మూడో దారి కూడా ఉంది. డబ్బు కట్టని దారి ఎంచుకుని, సమీక్ష పూర్తయి ఎడిటర్ ఒప్పుకున్న మన వర్డ్ ప్రతిని గడువు దాటాక యూనివర్సిటీ భాండాగారంలో పెట్టుకోవచ్చు. స్ప్రింగర్‌కు ఆ గడువు 12 నెలలు. వైలీ సైన్సు పత్రికలకూ అంతే. ఎల్సెవియర్‌లో పత్రికను బట్టి మారుతుంది, పైగా ప్రతి మీద వాళ్లు చెప్పిన లైసెన్సు పేరు వేయాలి. ఏ పత్రికకు ఎంతో షెర్పా రోమియో అనే సైట్‌లో చూసుకోవచ్చు. ఇప్పుడు దాన్నే ఓపెన్ పాలసీ ఫైండర్ అంటున్నారు.

ఇక్కడ తేడా ఏంటంటే, పెట్టాల్సింది పత్రిక ముద్ర, పేజీ నంబర్లు ఉన్న పీడీఎఫ్ కాదు. దాన్ని రీసెర్చ్‌గేట్ అనే పరిశోధకుల సైట్‌లో పెట్టి తర్వాత తీసేయించుకున్నవాళ్లు ఉన్నారు. కావాల్సింది చివరి సవరణతో మనం పంపిన ఫైలు. అది పంపిన రోజే పేరులో 'ఒప్పుకున్న ప్రతి' అని, తేదీ వేసి దాచండి. ఏడాది తర్వాత 'ఫైనల్', 'ఫైనల్ కొత్తది', 'ఫైనల్ గైడ్ సార్' అనే ఫైళ్ల మధ్య అది దొరకదు. 2025 డిసెంబర్‌లో గడువు తీరగానే, మొదటి పేజీలో అసలు వ్యాసం డీఓఐ (శాశ్వత గుర్తింపు సంఖ్య) రాసి పెట్టా. ఖర్చు సున్నా. కేంద్ర శాస్త్ర సాంకేతిక (డీఎస్‌టీ), బయోటెక్నాలజీ (డీబీటీ) విభాగాల నిధులతో పనిచేసేవాళ్లకైతే ఇలా పెట్టమని 2014 డిసెంబర్ నాటి విధానమే చెబుతుంది. నాకు ఆ నిధులు లేవు, అయినా పెట్టొచ్చు.

థీసిస్ 2025 జులైలో సమర్పించా. దానికి ముందు సారూప్యత పరీక్ష, అంటే మన రాత ఇతరుల రాతలతో ఎంత శాతం కలుస్తుందో చూడటం. శోధ్‌శుద్ధి కార్యక్రమం కింద ఇన్‌ఫ్లిబ్‌నెట్ ఇచ్చిన డ్రిల్‌బిట్ సాఫ్ట్‌వేర్‌లో లైబ్రరీ వాళ్లే నడుపుతారు. 2018 యూజీసీ నిబంధనల ప్రకారం పది శాతం లోపు ఉంటే ఇబ్బంది లేదు. పది నుంచి నలభై మధ్య ఉంటే సరిదిద్ది ఆరు నెలల్లోపు మళ్లీ ఇవ్వాలి. రొయ్యల వాళ్లకు శాతం పెరిగేది పద్ధతుల అధ్యాయంలో. డీఎన్‌ఏ తీయడం, పీసీఆర్ చక్రాల ఉష్ణోగ్రతలు, ప్రైమర్ వరసలు అందరూ ఒకేలా రాస్తారు. వాటిని వాక్యాలుగా కాకుండా పట్టికగా పెట్టి మూలం ఉటంకిస్తే చాలా తగ్గింది. రెండోది, మన సొంత వ్యాసమే మూలంగా కనపడటం. అది నా పనేనని గైడ్ ఇచ్చిన ధ్రువపత్రం జోడిస్తే దాన్ని మినహాయించి రెండో నివేదిక ఇచ్చారు. గ్రంథసూచి, విషయసూచిక, కృతజ్ఞతలు ఎలాగూ లెక్కలోకి రావు. మొదటి నివేదికలో అవి కలిసిపోయి ఉంటే అడిగి తీయించుకోవాలి. ముప్పైకి దగ్గరగా ఉన్న అంకె చూసి గుండె జారింది గానీ, పద్ధతుల అధ్యాయం సరిచేసి, సొంత వ్యాసాన్ని తీయించాక పది లోపుకు వచ్చింది.

ఇతరుల బొమ్మల సంగతి కూడా ఇక్కడే తేల్చుకోవాలి. శోధ్‌గంగలో థీసిస్ ప్రపంచమంతా చూస్తుంది కాబట్టి, చందా పత్రిక నుంచి తీసుకున్న చిత్రానికి అనుమతి ఉండాలి. వ్యాసం పేజీలో 'రైట్స్ అండ్ పర్మిషన్స్' నొక్కితే రైట్స్‌లింక్‌కు వెళుతుంది. థీసిస్ అని ఎంచుకుంటే చాలాసార్లు రుసుము సున్నా వస్తుంది, ఆ లైసెన్సు పత్రాన్ని అనుబంధంలో పెట్టాలి. ఒకే ఒక్క చిత్రానికి రుసుము అడిగితే దాన్ని తీసేసి నేనే గీసుకున్నా.

వైవా 2026 జనవరిలో అయింది. డిగ్రీ ప్రకటించకముందే సాఫ్ట్ కాపీ ఇన్‌ఫ్లిబ్‌నెట్‌కు చేరాలన్నది యూజీసీ నియమం. అందుకని వైవా మర్నాటి నుంచే లైబ్రరీ తొందరపెట్టింది. థీసిస్ ఒకే పీడీఎఫ్‌గా ఇస్తే తీసుకోరు. ముక్కలుగా విడగొట్టి, ప్రతిదానికీ వాళ్లు చెప్పిన పేరే పెట్టాలి. పేర్లు ఇంగ్లిష్ అక్షరాల్లోనే ఉండాలి, పలకడం రాస్తున్నా: 01_టైటిల్, 02_ప్రిలిమ్ పేజెస్, 03_కంటెంట్, 04_ఆబ్‌స్ట్రాక్ట్, 05 నుంచి అధ్యాయాలు వరసగా, ఆపైన అనెక్షర్స్, చివర 80_రికమండేషన్. ఈ చివరిదాని దగ్గరే అందరూ తికమకపడతారు. అది సిఫారసు లేఖ కాదు, టైటిల్ పేజీ, ముగింపు అధ్యాయం కలిపిన ఫైలు. పీడీఎఫ్‌లకు పాస్‌వర్డు ఉండకూడదు. సంతకాల పేజీలు తప్ప మిగతావి స్కాన్ చేసినవి కాకుండా వర్డ్ నుంచి నేరుగా మార్చినవై ఉండాలి. లేకపోతే లోపలి మాటలు వెతుకులో దొరకవు.

తెలుగులో థీసిస్ రాసేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలి. అను ఫాంట్లలో టైప్ చేయించిన పీడీఎఫ్ కంటికి బాగానే ఉంటుంది, కంప్యూటర్‌కు మాత్రం అర్థంలేని ఇంగ్లిష్ అక్షరాల గుంపు. గూగుల్‌కూ దొరకదు, సారూప్యత పరీక్షకూ పనికిరాదు. డీటీపీ సెంటర్‌కు ఇచ్చేటప్పుడే యూనికోడ్‌లో కావాలని చెప్పాలి. తర్వాత మార్పిస్తే ఒత్తులు చెదిరి మొత్తం మళ్లీ దిద్దాలి.

దీంతోపాటు ఒక సమ్మతి పత్రం మీద సంతకం చేయాలి. పేటెంటు గానీ, ఇంకా రాని వ్యాసం గానీ ఉంటే కొంతకాలం బయట పెట్టొద్దని అప్పుడే లిఖితపూర్వకంగా అడగాలి. నేను అడగలేదు. ఒక అధ్యాయం ఇంకా ఎక్కడా అచ్చు కాలేదు కదా అని గైడ్ సందేహించారు. చాలా పత్రికలు థీసిస్‌ను ముందస్తు ప్రచురణగా లెక్కపెట్టవు. పంపాలనుకున్న పత్రిక నియమం చూశాకే సంతకం పెట్టా.

అప్‌లోడ్ చేసేది మనం కాదు, యూనివర్సిటీ సమన్వయకర్త. ఫైళ్లు ఇచ్చాక రెండు వారాలకు పైగా చప్పుడు లేదు. తర్వాత 10603 అంకెతో మొదలయ్యే హ్యాండిల్ లింకు వచ్చింది. అది మారదు, కాబట్టి బయోడేటాలోనూ ఆర్కిడ్‌లోనూ (పరిశోధకుల గుర్తింపు ఖాతా) దాన్నే పెట్టుకోవాలి. బ్రౌజర్ పైన కనిపించే పొడుగు అడ్రసు వద్దు. తెరిచి చూస్తే గైడ్ పేరులో ఒక అక్షరం పోయింది, కీలకపదాల్లో ఈహెచ్‌పీ పూర్తి పేరు లేదు. దీనికి ఇన్‌ఫ్లిబ్‌నెట్‌కు రాస్తే మళ్లీ యూనివర్సిటీకే పంపుతారు. సవరణ కోరుతూ రిజిస్ట్రేషన్ నంబరు, హ్యాండిల్, తప్పు ఉన్న చోటు, ఒప్పు ఎలా ఉండాలో ఒక్క పేజీలో రాసి సమన్వయకర్తకే ఇవ్వాలి. గైడ్ పేరు సరిచేశారు. కీలకపదం ఇంకా ఎక్కలేదు, వచ్చే వారం మళ్లీ కాగితం ఇస్తున్నా.